విని రాశావా, చదివి రాశావా?

ఒంగోలు

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

కంభం నుంచి నువ్వు పంపిన కవరు బుధవారం అందింది. త్యాగరాజస్వామి మీద ఇరవై రెండు పేజీలు! రెండుసార్లు చదివాను, రెండోసారి పెన్సిలు పట్టుకుని. వాక్యం నడపడం నీకు బాగా వచ్చు, అందులో అనుమానం లేదు. కానీ పదో పేజీ దాటినా నాకు త్యాగయ్య కనపడలేదమ్మా. తంజావూరు రాజు శరభోజి ఆస్థానానికి రమ్మని పంపితే బంగారు పళ్ళేలతో వచ్చిన రాజభటులు కనపడ్డారు, అన్న కోపంతో కావేరిలో పడేసిన విగ్రహాలు కనపడ్డాయి. ఆయన పాట మాత్రం ఎక్కడా వినపడలేదు.

బాధపడకు. ఇదే తప్పు నేనూ చేశాను. నాకప్పుడు ఇరవై ఆరేళ్ళు. ఆ రాజు పిలుపును కాదంటూ త్యాగయ్య పాడాడని చెప్పుకునే 'నిధి చాల సుఖమా' కీర్తన మీద వ్యాసం రాస్తే ఒక పత్రికలో అచ్చయింది. పొంగిపోయి ఆ పత్రిక చంకన పెట్టుకుని గుడికి వెళ్ళాను. అక్కడ నాదస్వరం వాయించే పెద్దాయన చూపు సరిగా ఆనదని నా చేతే చదివించుకున్నారు. అంతా విని, వాద్యాన్ని గుడ్డతో తుడుచుకుంటూ నెమ్మదిగా అడిగారు: "అయ్యా, ఇది విని రాశారా, చదివి రాశారా?"

నోట మాట రాలేదు. ఆ కీర్తనని అప్పటిదాకా నేను మొదలుపెట్టి చివరిదాకా ఒక్కసారి కూడా వినలేదు. ఆయన ఇంకేమీ అనకుండా కల్యాణి రాగంలో ఆ కీర్తనే అందుకున్నారు. 'సుఖమా' అన్న మాట వచ్చినప్పుడల్లా ఒక్కో రకంగా పలికించారు. మొదట ఎవరినో అడిగినట్టుంది, తర్వాత్తర్వాత తనలో తాను గొణుక్కున్నట్టుంది. నేను వ్యాసం నిండా 'ధిక్కారం, ధిక్కారం' అని రాసుకొచ్చాను. ఆ సాయంత్రం విన్నదాంట్లో ధిక్కారం జాడే లేదు.

ఇంటికొచ్చి మళ్ళీ ఆ కీర్తన సాహిత్యం తీశాను. అప్పుడు కనపడింది, పల్లవిలోనే. 'నిజముగ బల్కు మనసా' అంటాడు. ఆయన అడుగుతున్నది రాజును కాదు, తన మనసును. కీర్తన మొత్తంలో రాజు పేరు లేదు, తంజావూరు పేరు లేదు. 'మమత బంధనయుత నరస్తుతి సుఖమా' అని మనుషుల్ని పొగిడే బతుకు గురించి ఒక్క ప్రశ్న ఉంది, అంతే. పాటంతా ప్రశ్నలే, జవాబు ఎక్కడా చెప్పలేదు. ఇంకో సంగతి చూడు. 'నిధి' అన్న మాట 'సన్నిధి'లోనే దాక్కుని ఉంది. పల్లవి తర్వాత వచ్చే అనుపల్లవి 'దధి' అని ఎత్తుకుంటాడు, రెండో అక్షరం 'ధి' కలిసి ప్రాస అక్కడ కుదిరిపోయింది. చరణంలో దమ, మమత, సుమతి. రెండో అక్షరం 'మ' తప్పకుండా వస్తుంది. ఇంత లెక్క ఉన్నా మన చెవికి మాట్లాడుతున్నట్టే ఉంటుంది. నీ పదకొండో పేజీ ఇక్కడ మొదలవ్వాలి, రాజభటుల దగ్గర కాదు.

శరభోజి కథ పూర్తిగా తీసేయమని అనను. ఆయన 1798 నుంచి 1832 దాకా తంజావూరు పాలించాడు, త్యాగయ్య కాలమే. పిలిచి ఉండవచ్చు. కానీ నువ్వు భటుల మీసాల దగ్గర్నుంచి కళ్ళతో చూసినట్టు రాశావు. 'అని చెప్పుకుంటారు' అనే చిన్న మాట చేర్చు. కథకేం నష్టం లేదు, నీ మీద నమ్మకం పెరుగుతుంది. కీర్తనలు ఇరవై నాలుగు వేలు అని రాసిన చోటా అంతే. అది రామాయణ శ్లోకాల లెక్కతో సరిపోయేలా భక్తులు చెప్పుకునే సంఖ్య. మనకు దొరికినవి సుమారు ఏడు వందలు. ఆ ఏడు వందలు ఎలా దొరికాయన్నది, నన్నడిగితే, ఇరవై నాలుగు వేల కథ కంటే చాలా గొప్ప కథ.

ఎందుకంటావా? ఆయన పాడారు, శిష్యులు రాసుకున్నారు. వాలాజాపేట వేంకటరమణ భాగవతార్, ఆయన కొడుకు కృష్ణస్వామి భాగవతార్ రాసిపెట్టిన ప్రతులు మదురైలో సౌరాష్ట్ర సభ దగ్గర ఉన్నాయి. వాళ్ళ ఇంటి భాష సౌరాష్ట్రం, తెలుగు కాదు. గురువుగారి తెలుగుని అక్షరం పోకుండా కాపాడింది వాళ్ళు. గురువుగారి జీవితం రాసినవాళ్ళలోనూ వీళ్ళే ముందు. అయితే శిష్యుడి కన్ను ఎప్పుడూ కింద నుంచి పైకే చూస్తుంది. గురువు అలిగిన రోజు, గొంతు పట్టేసిన రోజు వాళ్ళు రాయరు. అలాంటి రోజుల్ని నువ్వూ కల్పించకు. అవి కావాలంటే కీర్తనల్లోనే వెతుక్కో. గౌళ రాగంలో 'దుడుకు గల' విను. పంచరత్నాలని పేరుపడ్డ ఆయన ఐదు కీర్తనల్లో రెండోది. తన తప్పుల్ని తనే వరసపెట్టి చెప్పుకుంటాడు. దుడుకు అంటే మీ కంభంలో ఎవరికి తెలీదు? ఆ వెంటనే ఆరభి రాగంలో 'సాధించెనే' విను. 'సమయానికి తగు మాటలాడెనే' అని దేవుడి మీద ఫిర్యాదు. మన ఇళ్ళల్లో అచ్చం ఈ మాటే అంటాం, ఎప్పటికేది అవసరమో అది మాట్లాడేవాడి గురించి. ఇలాంటి నాలుగు చోట్లు పట్టుకుంటే మనిషి వచ్చి నీ ముందు కూర్చుంటాడు.

ఇక నాకు నిజంగా బాధ కలిగిన చోటు. ఇరవై రెండు పేజీల్లో కాకర్ల ఊరు ఒక్కసారి కూడా రాలేదు! కాకర్ల రామబ్రహ్మంగారి కొడుకు త్యాగబ్రహ్మం. ఆ ఇంటిపేరు మీ కంభం పక్కనే అర్ధవీడు మండలంలో ఉన్న కాకర్లది. పాత పుస్తకాల్లో 'కర్నూలు జిల్లా కంభం తాలూకా' అని కనపడితే తప్పనుకోకు. 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడేదాకా మీ కంభం కర్నూలు జిల్లాలోనే ఉండేది. అలాగని 'మా జిల్లా త్యాగయ్య' అని జెండా ఎత్తొద్దు. ఆయన పూర్వీకులు తరాల కిందటే దక్షిణానికి వలస వెళ్ళారు. ఆయన 1767లో పుట్టింది తిరువారూరులో, బతికిందీ 1847లో కన్నుమూసిందీ తిరువయ్యారులో. కాకర్ల నేల తొక్కాడని చెప్పడానికి ఆధారం లేదు. మరి ఎందుకు రాయాలంటావా? ఊరు వదిలి, నది మారి, చుట్టూ తమిళం వినపడుతున్న చోట అన్ని తరాలు గడిచినా ఒక ఇల్లు రెండింటిని పోగొట్టుకోలేదు. ఒకటి ఊరి పేరు, రెండోది ఇంట్లో మాట్లాడే తెలుగు. గుండ్లకమ్మ నీళ్ళు తాగి పెరిగినదానివి, ఇది నువ్వు రాస్తేనే అందం.

సంగీత త్రిమూర్తులు త్యాగయ్య, ముత్తుస్వామి దీక్షితులు, శ్యామశాస్త్రి ముగ్గురినీ ఒకే మూసలో పోశావు. అది కుదరదు. దీక్షితులవారి కీర్తనలో చాలాచోట్ల రాగం పేరు ఉంటుంది, క్షేత్రం పేరు ఉంటుంది. ఆయన ఎక్కడెక్కడ తిరిగారో కీర్తనలే చెబుతాయి. పైగా ఆయన తమ్ముడి మనవడు సుబ్బరామ దీక్షితులు 1904లో ఎట్టయాపురంలో అచ్చు వేయించిన 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని' అనే పుస్తకం ఉంది. తమిళ నేల మీద, తెలుగు లిపిలో! సంపాదించి చదువు, పాట రాసి బాణీ కూడా కట్టిన వాగ్గేయకారుల చరిత్రలు కూడా అందులో ఉన్నాయి. శ్యామశాస్త్రిగారి పాటల్లో అమ్మవారు, తాళం తప్ప ఊళ్ళూ సంఘటనలూ పెద్దగా దొరకవు. ఆయన గురించి రెండు పేజీలు చాలు, సాగదీయకు.

వినడం దగ్గరికి మళ్ళీ వస్తాను. ఒంగోలు పక్కన కరవది తెలుసుగా, రైల్లో వస్తూ చూసే ఉంటావు. 1924లో అక్కడ పుట్టిన షేక్ చినమౌలానా శ్రీరంగం వెళ్ళి స్థిరపడి, కావేరి ఒడ్డున నాదస్వరం వాయించారు. 1998లో మద్రాసు సంగీత అకాడమీ ఇచ్చే సంగీత కళానిధి బిరుదు అందుకున్నారు. కాకర్ల వాళ్ళు వెళ్ళిన దారినే మన ప్రాంతపు ముస్లిం విద్వాంసుడొకాయన వెళ్ళారన్నది తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది. ఆయన రికార్డింగులు ఫోన్లోనే దొరుకుతాయి. చెవులకి ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, కాగితం పక్కన పెట్టి, ఒక్కో కీర్తనా పది రోజులు విను. రాయాలన్న తొందర పుడుతుంది. ఆపుకో.

పదిహేడో పేజీ మాత్రం ముట్టుకోకు. అందులో మీ అవ్వ చేటలో బియ్యం చెరుగుతూ త్యాగయ్య 'నగుమోము' అందుకుంటుంది, చరణం సగంలో మర్చిపోయి ప్రతిసారీ పల్లవి దగ్గరికే తిరిగొస్తుంది. ఆ నాలుగు వాక్యాల పక్కన పెన్సిలుతో గీత గీశాను. అది కొట్టివేత అనుకునేవు, కాదు. ఆ పాట ఆమెకి ఎవరు నేర్పారో అడిగావా? అడిగి, ఆమె చెప్పింది చెప్పినట్టే రాసుకో, సరిదిద్దకుండా.

సంక్రాంతికి ఒంగోలు వస్తావని మీ నాన్న ఫోన్లో చెప్పాడు. వచ్చేలోపు ఒక ఆదివారం బస్సెక్కి కాకర్ల వెళ్ళిరా. వచ్చేటప్పుడు కాగితాలతో పాటు అవ్వ పాటని ఫోన్లో రికార్డు చేసి తీసుకురా. ముందు అది విందాం.

ఆశీస్సులతో,
మీ నాన్న స్నేహితుడు