పెట్రోల్ బంకు కేసు తేలేదాకా ఉద్యోగంలో చేరకుండా ఆగాలా?

ప్రశ్న: మాది పల్నాడు జిల్లా. మా అబ్బాయి బీకామ్ చదివాడు. ఒక ప్రభుత్వ చమురు సంస్థ పెట్రోల్ బంకు డీలర్‌షిప్‌కు దరఖాస్తు పెడితే డ్రాలో పేరు వచ్చింది. తీరా కాగితాలు ఇచ్చాక, దరఖాస్తు నాటికి స్థలం లీజు రిజిస్టర్ కాలేదని తిరస్కరించారు. అప్పట్లో నోటరీ లీజు ఉండేది. డ్రా అయ్యాక కొత్తగా రాయించి రిజిస్టర్ చేయించాం. హైకోర్టుకు వెళ్దామని లాయర్ గారు అంటున్నారు. అబ్బాయికి హైదరాబాద్‌లో అకౌంట్స్ ఉద్యోగం వచ్చినా, బంకు కోసం చేరకుండా ఆగాడు. ఏం చేయమంటారు?
– ఒక తండ్రి

జవాబు: అబ్బాయిని వెంటనే ఉద్యోగంలో చేరమనండి. మీరు కేసు వేసినా వేయకపోయినా నా సలహా ఇదే. ఉద్యోగం చేస్తున్నంత మాత్రాన డీలర్‌షిప్‌కు అర్హత పోదు. అన్నీ తేలి నియామక పత్రం ఇచ్చే దశలో రాజీనామా చేస్తే సరిపోతుంది. ఇంట్లో కూర్చుంటే కేసుకు వచ్చే బలమేమీ లేదు, పోయేది మాత్రం వాడి అనుభవమే.

ఇక కేసు సంగతి. స్థలాన్ని బట్టి దరఖాస్తుదారులను మూడు గ్రూపులు చేస్తారు. సొంత స్థలం గానీ రిజిస్టర్డ్ లీజు గానీ చేతిలో ఉన్నవాళ్లు మొదటి గ్రూపు. కొనుగోలుకో లీజుకో యజమానితో ఒప్పందం మాత్రమే చేసుకున్నవాళ్లు రెండో గ్రూపు. స్థలమే లేనివాళ్లు మూడో గ్రూపు. మొదటి గ్రూపులో అర్హులు ఉంటే మిగతావాళ్ల దాకా రాదు. మీరు రాసినదాన్ని బట్టి మీ కాగితం రెండో గ్రూపుది, అబ్బాయి టిక్ పెట్టింది మొదటి గ్రూపుకు. ఆన్‌లైన్ దరఖాస్తులో కాగితాలు అడగరు, మన మాట నమ్మి డ్రా తీస్తారు. అసలు పరిశీలన పేరు వచ్చాకే. అందుకే ఇంత ఆశపడ్డాక దెబ్బ తగులుతుంది. మీ బాధ నాకు అర్థమవుతోంది.

ఏడాది దాటిన లీజుకు రిజిస్ట్రేషన్ చట్టం ప్రకారం రిజిస్ట్రేషన్ తప్పనిసరి. నోటరీ ముద్ర దానికి బదులు కాదు. అదే చట్టంలోని 47వ సెక్షన్ ప్రకారం ఆలస్యంగా రిజిస్టర్ అయిన పత్రం కూడా రాసుకున్న రోజు నుంచే చెల్లుతుంది. మీ పాత లీజునే గడువులోగా రిజిస్టర్ చేయించి ఉంటే లాయర్ గారికి వాదించడానికి కొంత చోటుండేది. మీరేమో డ్రా తర్వాత కొత్త లీజు రాయించారు. ఆ తేదీని వెనక్కి జరపడం కోర్టు వల్ల కూడా కాదు.

ప్రభుత్వ చమురు సంస్థల మీద హైకోర్టులో రిట్ (వాళ్ల నిర్ణయాన్ని సవాలు చేసే పిటిషన్) వేయవచ్చు, అందులో సందేహం లేదు. 2002లో కేంద్రం, 2000 జనవరి నుంచి జరిగిన బంకు, గ్యాస్ ఏజెన్సీ కేటాయింపులన్నిటినీ గంపగుత్తగా రద్దు చేస్తే, ఓంకార్‌లాల్ బజాజ్ కేసులో సుప్రీంకోర్టు ఆ రద్దును కొట్టేసింది. ఆరోపణలు వచ్చిన 413 కేటాయింపులను మాత్రం ఇద్దరు రిటైర్డ్ జడ్జీల కమిటీ పరిశీలనకు పంపింది. ఎవరి సంగతి వాళ్లది విడిగా చూడకుండా అందరినీ ఒకే గాటన కట్టడం తప్పని అక్కడ తేలింది. మీ విషయంలో మీ కాగితం చూసి, కారణం రాసి మరీ తిరస్కరించారు. కాబట్టి డీలర్‌షిప్ తిరిగి వస్తుందన్న ఆశ తక్కువే.

అయినా తిరస్కరణ లేఖ ఒకసారి మళ్లీ చదవండి. మీకు వివరణ ఇచ్చుకునే అవకాశం ఇచ్చారా? మొదట కట్టిన డిపాజిట్ జప్తు చేశామని రాశారా? తప్పుడు సమాచారం ఇచ్చారన్న పేరుతో జప్తు చేసి ఉంటే, నోటరీ లీజు నిజంగానే ఉంది, గ్రూపు ఎంచుకోవడంలోనే పొరబడ్డాం అని ఆ డబ్బు వరకైనా గట్టిగా అడగవచ్చు. మొదటి రెండు గ్రూపుల్లో ఎవరి స్థలమూ నిలబడకపోతే మళ్లీ స్థలం చూపించే అవకాశం అబ్బాయికి వస్తుందేమో, మీ నోటిఫికేషన్ బ్రోచర్ ముందు పెట్టి లాయర్ గారిని అడగండి. నా దృష్టిలో ఫీజు కట్టి అడగాల్సిన ప్రశ్నలు ఈ రెండే.

కేసు వేయదలిస్తే ఆలస్యం చేయకండి. ఆ చోటు మరొకరికి ఇచ్చి, వాళ్లు లక్షలు ఖర్చు పెట్టాక వెళ్తే ‘ఇన్నాళ్లు ఏం చేశారు’ అని కోర్టు అడుగుతుంది. వాళ్లనూ కేసులో ప్రతివాదులుగా చేర్చాల్సి వస్తుంది.

బంకు మీద మోజు తగ్గకపోతే తర్వాతి నోటిఫికేషన్ కోసం ఇప్పుడే సిద్ధం కండి. లీజు కనీసం 19 ఏళ్ల 11 నెలలు ఉండాలని ఇటీవల అడుగుతున్నారు. ఇప్పుడు రిజిస్టర్ చేయించినదానికి ఆ కాలం ఉందో లేదో చూసుకోండి. ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్టర్డ్ లావాదేవీలు చూపే పత్రం) తీసి పాత తాకట్టులేమైనా ఉన్నాయేమో చూడండి. సర్వే నంబరు ప్రకటించిన రోడ్డు హద్దుల్లోనే ఉందా, రోడ్డు వైపు ముఖం కొలత సరిపోతుందా అని సర్వేయర్‌తో టేపు పట్టించండి. పక్కన బడి గానీ ఆసుపత్రి గానీ ఉంటే 2020 కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి మార్గదర్శకాల ప్రకారం మామూలుగా 50 మీటర్ల దూరం ఉండాలి. ఇవన్నీ శని, ఆదివారాల్లో ఊరికి వచ్చినప్పుడు అబ్బాయే చూసుకోగలడు.