పాటల ఆదాయంతో ప్లగిన్ బండిల్ ఈఎంఐ కట్టొచ్చా?

ప్రశ్న: నా వయసు 26. కరీంనగర్‌లో ఇంట్లోనే చిన్న స్టూడియో పెట్టుకుని యూట్యూబ్ ఫోక్ సాంగ్స్‌కి మిక్సింగ్, మాస్టరింగ్ చేస్తున్నాను. పాటకు రూ.4,000 చొప్పున నెలకు సగటున రూ.28,000 వస్తుంది. ఒక పెద్ద ప్లగిన్ బండిల్ (పాట సౌండ్‌ను తీర్చిదిద్దే సాఫ్ట్‌వేర్‌ల కట్ట) 80 శాతం తగ్గింపులో రూ.45,000కు ఉంది. క్రెడిట్ కార్డు ఈఎంఐలో కొనాలా, నెలకు రూ.2,000 సబ్‌స్క్రిప్షన్ తీసుకోవాలా? ఖర్చు చూపిస్తే పన్ను తగ్గుతుందని స్నేహితుడు అంటున్నాడు.

జవాబు: ఇప్పటికి రెండూ వద్దు.

ముందు పన్ను సంగతి. మీకు ఏడాదికి వచ్చేదే సుమారు రూ.3.36 లక్షలు. వేరే ఆదాయం లేకపోతే, కొత్త పన్ను విధానంలో రూ.4 లక్షల వరకు పన్నే లేదు. లేని పన్నును తగ్గించుకోవడానికి అప్పు చేస్తారా?

ఆ రూ.45,000 కూడా అంతతో ఆగకపోవచ్చు. విదేశీ సైట్ అయితే బిల్లు కట్టేటప్పుడు 18 శాతం జీఎస్టీ కలవొచ్చు, చాలా కార్డులు ఫారెక్స్ మార్కప్ (విదేశీ కరెన్సీలో కట్టినందుకు వేసే రుసుము) కింద మరో 3.5 శాతం దాకా తీసుకుంటాయి. ఈఎంఐ వడ్డీ లెక్కలోకి రాకముందే రూ.55,000 దగ్గరకు వెళ్తుంది. అంటే 14 పాటల సంపాదన. మీ పని బతుకమ్మ, సంక్రాంతి ముందు ఊపందుకుని తర్వాత చల్లబడే రకం. కిస్తీ తేదీ మాత్రం పండుగలు చూసి రాదు.

80 శాతం తగ్గింపు చూసి కంగారు పడకండి. ప్లగిన్ల వ్యాపారంలో సేల్ లేని నెల అరుదు, నవంబర్ బ్లాక్ ఫ్రైడేకి మళ్లీ వస్తుంది. పైగా బండిల్‌లో డజన్ల కొద్దీ ఉన్నా రోజూ చేతికొచ్చేవి ఒక ఈక్యూ, కంప్రెసర్, డీ-ఎస్సర్, రివర్బ్, చివర్లో లిమిటర్. మీరు ఈ మధ్య పూర్తిచేసిన పాటలు తెరిచి, ఏవి వాడారో రాసుకోండి. చీటీ చిన్నదే అవుతుంది. కొన్నాక ఖర్చు అయిపోయిందనీ అనుకోవద్దు. వేవ్స్ లాంటి ప్లగిన్ కంపెనీలు ఏడాది తర్వాత అప్‌డేట్‌లకు మళ్లీ డబ్బు తీసుకుంటాయి. అదే కంపెనీ 2023 మార్చిలో ఒకేసారి డబ్బు కట్టి సొంతం చేసుకునే పద్ధతి ఆపి సబ్‌స్క్రిప్షన్ ఒక్కటే అంది, వాడేవాళ్లు మండిపడితే రోజుల్లోనే వెనక్కి తగ్గింది.

సబ్‌స్క్రిప్షన్‌తో అసలు చిక్కు వేరే ఉంది. కట్టడం ఆపితే ఆ ప్లగిన్లు పనిచేయవు, పాత ప్రాజెక్టు తెరిస్తే మీరు చేసిన సౌండ్ రాదు. పెద్ద ఆల్బమ్ చేతిలో ఉన్న నెలకు మాత్రం తీసుకుని, ట్రాక్‌లన్నీ ఆడియోగా బయటికి తీసుకుని, రద్దు చేసేయండి. అది మంచి బేరమే.

ఈలోగా ఉచితంగా దొరికే టీడీఆర్ నోవా (ఈక్యూ), వోక్సెంగో స్పాన్ (సౌండ్‌ను గ్రాఫ్‌లో చూపేది), వల్హల్లా సూపర్‌మాసివ్ (రివర్బ్) ప్లగిన్లు వాడి చూడండి. నెలకు రూ.3,000 పక్కన వేసి, ముందు మూడు నెలల ఇంటి ఖర్చు చేర్చుకోండి. ఆ తర్వాత ట్రయల్‌లో నిజంగా నచ్చిన ప్లగిన్ ఒక్కటి, నగదుతో కొనండి.

ఇంకో మాట, మీరు అడగలేదు గానీ. అదే రూ.4,000కు ఎన్నిసార్లు మార్చి ఇస్తున్నారు? రెండు మార్పులు ఉచితం, ఆపై ఒక్కోదానికి రూ.500 అని పని ఒప్పుకునేటప్పుడే వాట్సాప్‌లో రాసి పంపండి.