ఆ డీఎల్‌ఎల్‌ని డౌన్‌లోడ్ చేయకండి, ముందు ఎర్రర్ నంబర్ చూడండి

ప్రింట్ డైలాగ్ రాకుండా మీ అప్లికేషన్ నుంచి రసీదు ప్రింటర్‌కి నేరుగా పంపాలి, కానీ డీఎల్‌ఎల్ (ప్రోగ్రామ్‌లు వాడుకునే కోడ్ ఉండే ఫైల్) దొరకలేదని ఎర్రర్ వస్తోంది, ఆ ఫైల్ ఎక్కడ దొరుకుతుందని కదా మీరు అడిగింది. దయచేసి ఏ డీఎల్‌ఎల్ సైట్ నుంచీ దింపుకోకండి. అందులో ఎవరు ఏం కలిపారో మనకి తెలీదు, పైగా చాలాసార్లు సమస్య ఫైల్ లేకపోవడం కాదు.

నాకూ ఇదే జరిగింది. ప్రింటర్ సీడీలో ఇచ్చిన డీఎల్‌ఎల్‌ని తీసుకెళ్లి సిస్టమ్32 ఫోల్డర్‌లో పెట్టాను, ప్రోగ్రామ్ మాత్రం ఫైల్ లేదనే అంటోంది. కళ్ల ముందే ఉంది, ఫోల్డర్ తెరిచి మళ్లీ మళ్లీ చూశాను, రెండు రోజులు పట్టింది విషయం అర్థం కావడానికి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64లో. పేర్లు చూస్తే తారుమారుగా ఉంటాయి కాబట్టి ఎవరైనా పొరబడతారు. నా ప్రోగ్రామ్ 32 బిట్‌ది, అది సిస్టమ్32లో వెతికినా విండోస్ దాన్ని సిస్‌వావ్64కి మళ్లిస్తుంది. చివరికి డీఎల్‌ఎల్‌ని ప్రోగ్రామ్ ఈఎక్స్‌ఈ పక్కనే పెడితే పని అయిపోయింది.

అందుకే ఎర్రర్ నంబర్ చూడమంటున్నాను. 126 వస్తే ఆ ఫైల్ దొరకలేదని, లేదా ఆ ఫైల్ ఆధారపడే ఇంకో ఫైల్ దొరకలేదని (కొన్ని డీఎల్‌ఎల్‌లు నడవడానికి కావాల్సిన విజువల్ సీ ప్లస్ ప్లస్ రన్‌టైమ్ ఫైళ్లు లేనప్పుడు ఇదే వస్తుంది, జనం మాత్రం అసలు డీఎల్‌ఎల్‌నే మార్చిమార్చి చూస్తుంటారు). 193 వస్తే దాదాపుగా 32, 64 బిట్ల తేడానే.

ఇంకో మాట, మీకు అసలు వేరే డీఎల్‌ఎల్ అవసరమే ఉండకపోవచ్చు. విండోస్‌లోనే ప్రింటింగ్ ఫంక్షన్లు ఉండే విన్‌స్పూల్.డీఆర్‌వీ (winspool.drv) అని ఒక ఫైల్ ఉంటుంది, ఎక్స్‌టెన్షన్ వేరుగా ఉన్నా అదీ డీఎల్‌ఎల్లే. ఓపెన్‌ప్రింటర్, స్టార్ట్‌డాక్‌ప్రింటర్, స్టార్ట్‌పేజ్‌ప్రింటర్, రైట్‌ప్రింటర్, తర్వాత ఎండ్‌పేజ్‌ప్రింటర్, ఎండ్‌డాక్‌ప్రింటర్, క్లోజ్‌ప్రింటర్, ఈ ఫంక్షన్లని ఇదే వరుసలో పిలిస్తే చాలు. మధ్యలో ఎర్రర్ వచ్చినా చివరి మూడూ పిలిచేలా రాయండి, లేకపోతే ఆ జాబ్ క్యూలోనే ఇరుక్కుని వెనక వచ్చినవాటికి కూడా అడ్డం పడొచ్చు. స్టార్ట్‌డాక్‌ప్రింటర్‌కి ఇచ్చే డేటాటైప్ దగ్గర ఖాళీ వదలకుండా "రా" (RAW) అని స్పష్టంగా ఇవ్వండి. ఎక్స్‌పీఎస్ అనే మైక్రోసాఫ్ట్ పేజీ ఫార్మాట్ ఆధారంగా పనిచేసే వెర్షన్ 4 ప్రింటర్ డ్రైవర్ అయితే మాత్రం అక్కడ "ఎక్స్‌పీఎస్_పాస్" (XPS_PASS) అని ఇవ్వాలి.

"రా" అంటే ఏంటో బాగా గుర్తుపెట్టుకోండి: డ్రైవర్ మీ డేటాని ముట్టుకోదు, మీరు పంపిన బైట్లు ఉన్నవి ఉన్నట్టుగా ప్రింటర్‌కి వెళ్తాయి. నేను ఒకసారి పీడీఎఫ్ ఫైల్‌ని ఇలాగే పంపేశాను. మొదటి లైన్‌లో పీడీఎఫ్ వెర్షన్ నంబర్ చక్కగా పడింది, దాని కింద అర్థంపర్థం లేని గుర్తులు, కాగితం వస్తూనే ఉంది, స్విచ్ ఆపేదాకా ఆగలేదు. ఆ ప్రింటర్‌కి పీడీఎఫ్ రాదు, దానికి వచ్చింది రసీదు ప్రింటర్లు వాడే ఈఎస్‌సీ పీఓఎస్ (ESC/POS) కమాండ్‌లే. 27, 64 అనే రెండు బైట్లు పంపితే ప్రింటర్ మొదటి స్థితికి వస్తుంది, 29, 86, 0 పంపితే కట్టర్ ఉన్న ప్రింటర్ కాగితం కోస్తుంది. ముందు ఈ రెండింటి మధ్య ఒక్క ఇంగ్లిష్ లైన్, దాని వెనక లైన్ ఫీడ్‌గా 10 అనే బైటు పెట్టి పంపి చూడండి, అది పడితే దారి సరిగ్గానే ఉన్నట్టు.

రసీదులో తెలుగు కూడా కావాలంటే టెక్స్ట్‌గా పంపితే కుదరదు, ఈ ప్రింటర్లలో సాధారణంగా తెలుగు ఫాంట్ ఉండదు, ఉన్నా ఒత్తులూ గుణింతాలూ కలిపే పని అవి చేయవు. లైన్‌ని ముందే బొమ్మగా గీసి నలుపు తెలుపు చుక్కలుగా పంపాలి. 80 మిల్లీమీటర్ల కాగితానికి మామూలుగా అడ్డంగా 576 చుక్కలు, 58కి 384.

ప్రింటర్ నెట్‌వర్క్‌ది అయితే ఇవేవీ లేకుండా సాకెట్ (ప్రోగ్రామ్ నుంచి నేరుగా నెట్‌వర్క్ కనెక్షన్) తెరిచి 9100 పోర్ట్‌కి అవే బైట్లు పంపొచ్చు, చాలా ప్రింటర్లు తీసుకుంటాయి. నాకైతే అదే ఇష్టం, ఎక్కడ తప్పు జరిగినా వెంటనే తెలుస్తుంది.

మీ ఎర్రర్ నంబర్, ప్రోగ్రామ్ 32 బిట్టా 64 బిట్టా, ప్రింటర్ యూఎస్‌బీదా నెట్‌వర్క్‌దా అన్నది రాయండి, చూసి చెప్తాను.