కథలు మనిషిని మారుస్తాయా? మా వాకిట్లో విప్పిన పటం సంగతి

కథలు, సాహిత్యం మన వ్యక్తిత్వాన్ని నిజంగా మలుస్తాయా అని ఒకరు అడిగారు, విజయ రహస్యాల పుస్తకాల జాబితా ఒకటి రాసి. మలుస్తాయి. కానీ ఆ జాబితాలోని పుస్తకాలు మాత్రం కాదు. వాటితో బాగుపడ్డది వాటిని రాసినవాళ్లే.

మాది తెలంగాణలో చేర్యాల దగ్గర ఒక పల్లె. బట్టలు నేసే పద్మశాలీలం. బడి నుంచి రాగానే మగ్గానికి నూలు కండెలు చుట్టడం నా పని. ఒంటికి ఎప్పుడూ గంజి వాసన. తోటి పిల్లలు నన్ను 'గంజి' అనే పిలిచేవారు.

1986లో, నేను ఏడో తరగతిలో ఉండగా, పటం చూపిస్తూ కథ చెప్పే కూనపులివాళ్లు వచ్చారు. పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పడం వాళ్ల వంశపు హక్కు. వాకిట్లో పటం వేలాడదీశారు. నకాషీలనే చేర్యాల చిత్రకారులు బట్టకు చింతగింజల గంజి, సుద్దమట్టి పూసి వేసిన పటం. ఎర్రటి రంగు మీద వరసలు వరసలుగా బొమ్మలు. ఒక వరస కథ అయిపోతే ఇంకో వరస విప్పుతారు. మా మూలపురుషుడు భావనారుషి యజ్ఞగుండంలోంచి పుట్టాడు, తామరతూళ్ల పోగులతో దేవతలకు బట్ట నేశాడు. ఆ తర్వాత బొమ్మలో ఏకంగా పులి మీద కూర్చున్నాడు! నేను ఆ పులిని వదిలి ఆయన వేళ్ల వంకే చూశాను. మా తాత మగ్గం మీద పోగును అటూ ఇటూ నడిపే నాడె పట్టుకున్నట్టే ఉన్నాయి.

మర్నాడు బడిలో ఎవడో 'గంజి' అనగానే "మీ దేవుళ్లకు మొలగుడ్డ ఇచ్చింది మేమేరా" అన్నాను. మాస్టారు గోడకుర్చీ వేయించారు. అయినా ఆ రోజు నా వెన్ను వంగలేదు.

అన్నట్టు, ఇదే కథ మా తాతను ముంచింది కూడా. దేవతలకు నేసిన వంశంవాళ్లం, షావుకారును కూలి పెంచమని అడుగుతామా అనేవాడు. ఆయన పంచెకు మూడు అతుకులు.

ఇప్పుడు చేర్యాల బొమ్మకు భౌగోళిక గుర్తింపు (జీఐ ట్యాగు) వచ్చింది, సంతోషం. కానీ పటం ముక్కలై అద్దాల చట్రాల్లోకి చేరింది. మొన్న హైదరాబాదులో తెలిసినవారింటికి వెళితే సోఫా పైన అదే పులి, అదే రుషి. "పల్లెటూరి దృశ్యమండీ" అన్నారు ఆవిడ. నేను లేచి గోడ దగ్గర నిలబడి యజ్ఞగుండం నుంచి మొదలుపెట్టాను. తామరతూళ్ల దగ్గరికి వచ్చేసరికి నా కాఫీ చల్లారిపోయింది. ఆవిడ రెండుసార్లు ఫోను చూసుకున్నారు. వాళ్ల పనమ్మాయి మాత్రం చీపురు పట్టుకుని గుమ్మంలోనే నిలబడిపోయింది.