టైటిల్స్‌లో పేరు

సత్యనారాయణపురం, విజయవాడ.

చిట్టితల్లికి పెదనాన్న దీవెనలు.

బ్యాంకు ఉద్యోగం మానేసి హైదరాబాదులో సినిమాలకు ఆర్‌.ఆర్‌. అదే, సన్నివేశాల వెనక వచ్చే సంగీతం, చేయబోతున్నావని మీ నాన్న నిన్న ఫోనులో చెప్పాడు. వాడి గొంతులో బెంగ. నాకూ ఉంది. ఫోను పెట్టేశాక మాత్రం అటక మీంచి వయొలిన్ పెట్టె దింపించి, చాలాసేపు ఒళ్లో పెట్టుకు కూర్చున్నాను.

సాధన మానకు. డైలాగు మీదికి వాద్యాన్ని పోనీకు. ఇవి నీకు తెలిసినవే.

తెలియంది ఒకటుంది. మద్రాసులో నేను ఒక సంగీత దర్శకుడి దగ్గర అసిస్టెంటుగా ఉండేవాణ్ణి. ఒకసారి ఆయన పాటల పనిలో పడి, సెకండాఫ్ ఆర్‌.ఆర్‌. మొత్తం నాకు వదిలేశాడు. వెయ్యి అడుగుల రీలంటే పదకొండు నిమిషాలు. స్టాప్‌వాచీ పట్టుకుని ఏ చూపు దగ్గర ఎత్తుకోవాలో, ఏ తలుపు మూసేచోట ఆపాలో సెకన్లతో సహా రాసుకునేవాణ్ణి. రాత్రంతా నొటేషన్ రాసి పొద్దున్నే ఆర్టిస్టులకు పంచేవాణ్ణి. "నీ పేరు వేయిస్తాలే" అన్నాడాయన. అంతే, మీ తాతయ్యకు ఉత్తరం రాసేశాను.

విడుదల రోజు తాతయ్య వీధిలోవాళ్లను ఎనిమిదిమందిని గాంధీనగర్‌లో మ్యాట్నీకి తీసుకెళ్లారు, టిక్కెట్లు తనే కొని. టైటిల్స్ అయిపోయాయి. నా పేరు లేదు. "గబగబా పోయింది, మీరు చూసుకోలేదు గానీ నేను చూశాను" అని అందరితో అన్నారట. ఇంటికొచ్చి అన్నం ముట్టలేదు. ఇదంతా ఆయన పోయాక మీ నానమ్మ చెప్పింది. నాకు మాత్రం ఆయన ఒక్క ముక్క రాయలేదు.

నేనూ ఆ సంగీత దర్శకుణ్ణి అడగలేదు. పైగా ఇంకో రెండు సినిమాలకు అలాగే చేశాను. తప్పంటే అదీ.

నీకూ నా మొహమాటమే వచ్చింది, అదే నా భయం. మొదటి బిట్ చేయకముందే పేరు ఎలా పడాలో, డబ్బు ఎప్పుడివ్వాలో కాగితం మీద రాయించుకో. 2012లో కాపీరైటు చట్టం మార్చారు. థియేటర్లో ఆడినప్పుడు కాక, సంగీతాన్ని బయట వాడుకున్నప్పుడు వచ్చే రాయల్టీలో నీ వాటాను వారసులకో, కాపీరైటు సొసైటీకో తప్ప ఇంకెవరికీ రాసివ్వడం చెల్లదు. మా రోజుల్లో ఈ అండ లేదు. ఆ రాయల్టీ వసూలు చేసి పంచే కాపీరైటు సొసైటీ ఐపీఆర్‌ఎస్‌లో చేరు. ఏ బిట్ ఎన్ని సెకన్లో క్యూ షీటు రాసిపెట్టుకో. ఆ వాటా దక్కాలన్నా ముందు పని నీ పేరున ఉండాలి కదమ్మా.

వేళకు తిను. నీ మొదటి సినిమా గాంధీనగర్‌లోనే చూస్తాను. టైటిల్స్ పడకముందే నన్ను సీట్లో కూర్చోబెట్టమని మీ నాన్నతో చెప్పు.

పెదనాన్న