పాస్‌పోర్టులో పుట్టిన తేదీ తప్పు పడితే...

ప్రశ్న: నా పదో తరగతి మెమోలో పుట్టిన తేదీ 14-08-1988. 2016లో ఏజెంటు చేత చేయించుకున్న పాస్‌పోర్టులో 01-07-1986 అని పడింది. దాని మీదే నాలుగేళ్లు విదేశంలో పనిచేసి వచ్చాను. ఆధార్, పాన్‌లలో 1988 అనే ఉంది. ఇప్పుడు గడువు అయిపోవస్తోంది. పాస్‌పోర్టు పోయిందని చెప్పి సరైన తేదీతో కొత్తది తీసుకోమని ఒకరు, ఆధార్‌నే పాస్‌పోర్టుకు తగ్గట్టు మార్చుకోమని ఇంకొకరు అంటున్నారు. చాలా టెన్షన్‌గా ఉంది. ఏం చేయమంటారు?

జవాబు: ఆ రెండు పనులూ చేయకండి. చేతిలో ఉన్న పాస్‌పోర్టు పోయిందని రాయడం అబద్ధపు సమాచారం ఇవ్వడమే. పాస్‌పోర్టుల చట్టం 1967, సెక్షన్ 12 కింద దీనికి 2 ఏళ్ల దాకా జైలు, 5,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ ఉండొచ్చు. ఇప్పటిదాకా మీది సరిదిద్దుకోదగ్గ పొరపాటు. ఆ అబద్ధంతో అది నేరమవుతుంది. ఇక ఆధార్ మార్చినా పదో తరగతి మెమో మారదు కదా! పుట్టిన తేదీ విషయంలో ఆధార్ కంటే స్కూలు సర్టిఫికెట్‌కే విలువ ఎక్కువని సుప్రీంకోర్టు 2024లో ఒక ప్రమాద పరిహారం కేసులో చెప్పింది. మీ బలమంతా ఆ మెమోలోనే ఉంది.

ముందు తేలాల్సింది ఒకటుంది. 2016 దరఖాస్తులో ఏ తేదీ రాశారు, దానికి ఏ కాగితం జతచేశారు? పాస్‌పోర్టులో ఈసీఆర్ (కొన్ని దేశాలకు పనికి వెళ్లేముందు ఎమిగ్రేషన్ అనుమతి తీసుకోవాలనే గుర్తు) అని ఉందేమో చూడండి. పదో తరగతి పాసైనవారికి అది అవసరం లేదు. ఉందంటే బహుశా ఏజెంటు మీ మెమో పెట్టలేదు. చివరి పేజీలో ఉండే ఫైలు నంబరు రాసి, సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల ఫీజుతో మీ పాత దరఖాస్తు నకలు అడగండి. దరఖాస్తులో తేదీ సరిగ్గానే ఉండి ముద్రణలో తప్పు పడితే మీ పని తేలిక. తప్పు తేదీ దరఖాస్తులోనే ఉంటే మాత్రం అది ఎలా వచ్చిందో మీరే చెప్పుకోవాలి. అప్పుడు నేరం ఏజెంటు మీదికి నెట్టేయకండి, సంతకం మీది. ఫారం ఎవరు నింపారు, మీరు చదివారా లేదా, తప్పు ఎప్పుడు గమనించారు, ఇన్నాళ్లూ ఎందుకు ఊరుకున్నారు, ఈ నాలుగింటికీ ఉన్నదున్నట్టు జవాబు రాయండి. నేను చూసినంతలో, కాగితాలు సరిగ్గా ఉన్నా ఈ వివరణ పొడిపొడిగా ఉంటే అనుమానం అక్కడే మొదలవుతుంది.

పాస్‌పోర్టులో తేదీ కొట్టేసి దిద్దరు, కొత్త పుస్తకమే ఇస్తారు. కాబట్టి పాస్‌పోర్టు సేవ పోర్టల్‌లో రీఇష్యూ కింద, వ్యక్తిగత వివరాల మార్పు ఎంచుకుని, పుట్టిన తేదీ అని పెట్టండి. పదో తరగతి మెమో, టీసీ, పాన్, పాత పాస్‌పోర్టు ఒరిజినల్స్‌తో వెళ్లండి. జనన ధ్రువీకరణ పత్రం ఒక్కటే చెల్లుతుందన్న 2025 నిబంధన 2023 అక్టోబరు 1న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవారికే. మీకు వర్తించదు. దీనికోసం ఇప్పుడు హడావిడిగా ఆలస్య జనన నమోదు చేయించకండి. నిన్న పుట్టిన కాగితం కంటే చిన్నప్పటి స్కూలు రికార్డే గట్టిది.

అధికారి ఒప్పుకోకపోతే కారణాలు రాతపూర్వకంగా అడగండి. నోటిమాటతో వెనక్కి రాకండి. ఆ ఉత్తర్వు సమంజసంగా లేకపోతే హైకోర్టులో దాన్ని సవాలు చేస్తూ రిట్ పిటిషన్ వేయవచ్చు. పుట్టిన తేదీ మీదే వివాదం ఉందంటే మాత్రం సివిల్ కోర్టులో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 34 కింద డిక్లరేషన్ దావా, అంటే మీ సరైన పుట్టిన తేదీ ఇదేనని ప్రకటించమని కోర్టును కోరే దావా, వేయాలి. ప్రభుత్వం మీద దావా కాబట్టి మామూలుగా సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 ప్రకారం 2 నెలల ముందు నోటీసు ఇవ్వాలి. డిక్లరేషన్ దావాకు గడువు 3 ఏళ్లు. అందుకే తిరస్కరణ కాగితం అందిన రోజు నుంచే కదలండి.

కొత్తది వచ్చాక పాతదాన్ని పారేయకండి. మీరు పనిచేసిన దేశపు రికార్డుల్లో 1986 అనే ఉంటుంది, అక్కడ వేలిముద్రలు తీసుకుని ఉంటే అవీ ఆ తేదీతోనే ఉంటాయి. మళ్లీ అక్కడి వీసాకు దరఖాస్తు చేసేటప్పుడు రెండు పాస్‌పోర్టులూ చూపించి, తేదీ సవరించిన సంగతి ముందే రాయండి. కొత్త పాస్‌పోర్టు చేతికి వచ్చేదాకా టికెట్ బుక్ చేయకండి.