ఫిన్లండ్ మూకీ వేయాలంటే ఎర్కి కరుతో మొదలుపెట్టండి

అడిగిన ప్రశ్న ఇది: ఫిల్మ్ క్లబ్బులో ఒక సాయంత్రం ఫిన్లండ్ మూకీ వేయాలి, ఎవరిది వేస్తే బాగుంటుంది, వేసేటప్పుడు ఏం చూసుకోవాలి?

నా ఓటు ఎర్కి కరుకి (1887–1935). నాటకరంగం నుంచి వచ్చిన మనిషి. 1919 చివర్లో తోటివారితో కలిసి ఆయన పెట్టిన కంపెనీయే తర్వాత సువొమి ఫిల్మి అయింది. అక్కడ దర్శకత్వం ఒక్కటే కాదు, నిర్మాణమూ వ్యాపారమూ కూడా ఆయనే నడిపించారు. 1922లో విదేశాంగశాఖ కోరితే, కొత్తగా స్వతంత్రమైన దేశాన్ని బయటివాళ్లకి చూపించే ‘ఫిన్లాండియా’ అనే డాక్యుమెంటరీని ఏరో లెవలూమతో కలిసి తీశారు. 1933లో సొంత కంపెనీ నుంచే బయటికి రావాల్సి వచ్చింది. ఊరుకోకుండా సువొమెన్ ఫిల్మితెయొల్లిసూస్ అని ఇంకోటి పెట్టారు. ఆ దేశపు స్టూడియోల కాలాన్ని ఏలిన రెండు పెద్ద సంస్థలూ ఆయన చేతిమీదుగా పుట్టినవే. అంత పనిచేసిన మనిషి పేరు మనవైపు ఎవరూ ఎత్తకపోవడం నాకు కష్టంగా ఉంటుంది.

ఏది వేయాలి? 1923లో వచ్చిన రెండింట్లో ఒకటి. ‘నుమ్మిసూతరిత్’ ఫిన్లండ్ రచయిత అలెక్సిస్ కివి 1864 నాటి నాటకం. చెప్పులు కుట్టేవాళ్ల ఇంటి అమాయకపు కొడుకు ఎస్కొ పెళ్లికొడుకునని వెళ్తాడు, తీరా చూస్తే అక్కడ ఆ పిల్లకి వేరేవాడితో పెళ్లి జరుగుతుంటుంది. ఎస్కొగా వేసిన ఆక్సెల్ స్లాంగస్ ఫిన్లండ్‌లోనే స్వీడిష్ భాషలో నాటకాలాడే నటుడు. మూకీ కాబట్టి భాష అడ్డురాక ఫిన్నిష్ వాళ్లందరికీ ప్రియమైన పాత్ర ఆయనకి దక్కింది. అయితే ఇందులో హాస్యం చాలావరకు మాటల్లో ఉంది, అంటే టైటిల్ కార్డుల మీద (సీన్ల మధ్య తెరమీద వచ్చే రాతల మీద) ఆధారం ఎక్కువ. మొదటిసారి చూసేవాళ్లకి వైనో కతయ నవల ఆధారంగా తీసిన ‘కొస్కెన్‌లస్కియన్ మొర్సియన్’ సులువు. సుడులు తిరిగే నదిలో పడవ దించేవాళ్ల కథ, భాష రాకపోయినా నది లాక్కుపోతుంది.

ఇక ఆట చెడేది ముఖ్యంగా వేగం దగ్గర. మూకీలకి ఖాయమైన వేగం లేదు. 1920ల సినిమాకి సెకనుకి 18 ఫ్రేముల దగ్గర మొదలుపెట్టి కంటితో సరిచూసుకోవాలి. 35 ఎం.ఎం.లో అడుగుకి 16 ఫ్రేములు, కాబట్టి 1000 అడుగుల రీలు 18 మీద దాదాపు 15 నిమిషాలు నడుస్తుంది, మాటల సినిమాల వేగమైన 24 మీద 11 నిమిషాలకే అయిపోతుంది. మనుషులు కోళ్లలా గబగబా నడుస్తున్నట్టు కనిపించేది అందుకే. డిజిటల్ ఫైలైతే వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో తెరిచి, ఆపి, ‘ఇ’ మీట నొక్కుతూ ఒక్కో ఫ్రేమూ కదపండి. ప్రతి మూడు నాలుగు ఫ్రేములకి ఒకటి మళ్లీ అదే వస్తే వేగం ముందే సరిచేశారన్నమాట, ముట్టుకోవద్దు. ప్రతి ఫ్రేమూ కొత్తదే అయి, ఫైలు 24 మీద ఉంటే వేగం 0.75కి తగ్గించండి. 25 మీద ఉంటే 0.72. అప్పుడు ఫైల్లోని సంగీతం సాగిపోతుంది, దాన్ని ఆపేయాలి. వేగం సరిపోయిందా లేదా అన్నది నది చూసి తేల్చకండి, పారే నీళ్లు ఏ వేగంలోనైనా నమ్మేలాగే ఉంటాయి. నడక, కుర్చీలోంచి లేవడం, నీళ్లు పోయడం చూడండి.

ఇంకొకటి రంగు. అప్పట్లో రాత్రి సీన్లు కూడా పగలే తీసి, ప్రింటుకి నీలం అద్దడం మామూలు. నలుపు–తెలుపు కాపీలో ఆ నీలం పోతే, పట్టపగలు దీపం పట్టుకుని తిరుగుతున్నారేంటని జనం అయోమయపడతారు. టింట్లు (అలా అద్దిన రంగులు) ఉన్న పునరుద్ధరణ ప్రతి దొరికితే అదే తీసుకోండి, ప్రొజెక్టర్ రంగులు తగ్గించకండి. ఆకాశం తెల్లగా వెలిసిపోయినట్టుంటే మాత్రం కాపీ తప్పు కాదు. నాటి ఫిల్ము మీద నీలపు వెలుతురు బాగా పడేది, ఎరుపు అసలు పడేది కాదు, అందుకే నీలాకాశం తెల్లగా వచ్చేది.

కార్డుల మీద ఫిన్నిష్, స్వీడిష్ రెండూ ఉంటాయి. తెలుగు సబ్‌టైటిల్ రెండు వరసలు దాటనివ్వకండి. లేదా అన్నీ అంకెలేసి కాగితం మీద రాసుకుని ఒకరు గట్టిగా చదవడం ఇంకా మేలు, మన దగ్గరా మూకీల రోజుల్లో తెర పక్కన నిలబడి కథ చెప్పేవాళ్లు ఉండేవారు. చదివే మనిషికి కనీసం ఒక్కసారి పూర్తి రిహార్సల్ ఇవ్వండి. కార్డు ఉండేది కొద్ది సెకన్లే, మొదటిది తప్పితే వెనకవన్నీ తప్పుతాయి.

హక్కుల సంగతి: మన చట్టంలో సినిమాకి గడువు విడుదలైన ఏడాది పోగా 60 ఏళ్లు, అది ఎప్పుడో ముగిసింది. కానీ కొత్తగా రికార్డు చేసి జోడించిన సంగీతానికి వేరే హక్కులుంటాయి. అందుకని వివరాలు ఎలొనెట్ అనే ఫిన్లండ్ సినిమాల సూచికలో చూసుకుని, ప్రదర్శన ప్రతి కోసం హెల్సింకిలోని జాతీయ ఆడియోవిజువల్ ఇన్‌స్టిట్యూట్‌కి ముందే రాయండి. రాసేటప్పుడు ప్రతి ఏ వేగానికి తయారైంది, టింట్లు ఉన్నాయా, సంగీతం ఎవరిది అన్న మూడూ అడగడం మర్చిపోవద్దు.